సాలీడు మీద మోపిన నింద

వానలు మొదలైన తరువాత బూర్గంపాడు పరిసరాల ఇళ్లలో తరచుగా వినబడే మాట ఒకటి ఉంది. ఉదయం లేచేసరికి మెడ మీదనో నడుము మీదనో ఒక ఎర్రని చార, దాని మీద నీటి పొక్కులు కనబడతాయి. ఇంట్లోని పెద్దలు చూసీ చూడగానే "సాలెపురుగు పాకింది" అని తేల్చివేస్తారు. ఉర్దూ మాట్లాడే ఇళ్లలో అదే నేరం 'మక్డీ' మీద పడుతుంది. పసుపు పూయడం, పసరు రాయడం, ఎవరి చేతనో ఊదించుకుని రావడం అన్నీ అయ్యాక గాని ఆసుపత్రి గుర్తుకు రాదు. ఈ తీర్పులో నిజమెంతో తెలియాలంటే ముందుగా సాలీడు నోటిని పరిశీలించాలి. దాని విషం బయటికి వచ్చే ద్వారం ఆ నోటి వద్ద తప్ప మరెక్కడా లేదు.

బూర్గంపాడు భద్రాచలానికి ఎదురుగా, గోదావరికి ఈవలి ఒడ్డున ఉన్న ఊరు. కిన్నెరసాని వచ్చి గోదావరిలో కలిసేది ఈ పరిసరాలలోనే. ఒకవైపు నది, మరొకవైపు అడవి, మధ్యలో వరి, మిరప, పత్తి చేలు. 1986 ఆగస్టులో భద్రాచలం వద్ద గోదావరి 75.6 అడుగులకు, 2022 జూలైలో 71.3 అడుగులకు చేరింది. అటువంటి వరద వచ్చినప్పుడు మనుషులు మెరకకు తరలినట్లే పుట్టలలో, బొరియలలో, రాళ్ల కింద ఉండే ప్రాణులన్నీ తడి లేని చోటు వెదుక్కుంటూ ఇళ్లలోకి, కట్టెల మోపులలోకి, గోనె సంచులలోకి వస్తాయి. 2014లో రాష్ట్ర విభజన సమయంలో ఈ మండలంలోని కొన్ని గ్రామాలు ఆంధ్రప్రదేశ్‌కు వెళ్లాయి, మిగిలినవి తెలంగాణలో ఉండిపోయాయి. తేళ్లకు, సాలీళ్లకు మాత్రం ఆ సరిహద్దు ఇంకా తెలియదు!

సాలీడును మనం పురుగు అంటున్నాము గాని శాస్త్రజ్ఞులు దానిని కీటకాల జాబితాలో చేర్చరు. కీటకాలకు ఆరు కాళ్లు, కొమ్ముల వంటి స్పర్శకాలు, నమలడానికో పీల్చడానికో దవడలు ఉంటాయి. సాలీడుకు ఎనిమిది కాళ్లు ఉంటాయి, స్పర్శకాలు ఉండవు, కీటకాలకు ఉన్నటువంటి దవడలూ ఉండవు. వాటి స్థానంలో నోటికి ముందు ఒక జత అవయవాలు ఉంటాయి. జంతుశాస్త్ర గ్రంథాలు వీటిని కెలిసెరాలు అంటాయి. తేలు, గోమారి, ఆరుద్ర పురుగు మొదలైన సాలీడు బంధువులన్నింటికీ ఈ జత ఉంటుంది. ఉన్న అవయవం ఒక్కటే అయినా ఒక్కొక్క వంశంలో అది ఒక్కొక్క పనిముట్టుగా రూపుదిద్దుకుంది. కొన్నింటిలో పట్టకారు, కొన్నింటిలో కత్తెర, కొన్నింటిలో రంపం, సాలీడులో సూది.

సాలీడు కెలిసెరాలో రెండు భాగాలుంటాయి. మొదటిది లావుపాటి మొదలు, రెండవది దాని చివర బిగించిన వంపు కోర. పని లేనప్పుడు కోర జేబుకత్తి మడతపడినట్లు మొదటి భాగంలోని గాడిలో ఒదిగి ఉంటుంది. కాటు వేసేటప్పుడు మాత్రమే తెరుచుకుంటుంది. కోర లోపల సన్నని నాళం ఉంది. ఆ నాళం సరిగ్గా మొనలో కాక, మొనకు కాస్త వెనుకగా ఒక పక్కకు తెరుచుకుంటుంది. ఆసుపత్రిలో వాడే ఇంజెక్షన్ సూది రంధ్రం కూడా అలాగే ఏటవాలుగా ఉంటుంది. రంధ్రం మొనలోనే ఉంటే గుచ్చినప్పుడు మూసుకుపోతుంది, మొన కూడా బలహీనపడుతుంది. అంతేకాదు, కోర మొనలో జింక్ వంటి లోహం కలిసి ఉంటుంది. కీటకాల గట్టి పెంకును పదే పదే చీల్చినా ఆ మొన అరగకుండా నిలిచేది దానివల్లనే. సృష్టికర్త ఇంత చిన్న ప్రాణికి ఇంత లెక్కగా అమర్చిన పనిముట్టును చూసినప్పుడు భయం కన్నా ముందు ఆశ్చర్యం కలగాలని మాకు అనిపిస్తుంది.

విషగ్రంథి చుట్టూ కండరాలు ఉంటాయి. ఎంత విషం వదలాలో, అసలు వదలాలో వద్దో సాలీడు వాటితో నియంత్రించుకుంటుంది. విషం తయారు కావడానికి కాలం పడుతుంది గనుక దానిని వృథా చేయదు. తనకు ఆహారం కాని మనిషి మీద ఖర్చు చేయడం దానికి నష్టమే. పైగా మన ఇళ్లలో తిరిగే చిన్న సాలీళ్లలో చాలావాటి కోరలు మన చర్మాన్ని దాటి లోపలికి దిగేంత పొడవు ఉండవు.

ఇక సాలీడు తినే తీరు మరీ వింతైనది. దానికి నమలడం చేతకాదు. దొరికిన ఈగ మీదనే జీర్ణరసాన్ని కక్కుతుంది. ఆ రసం ఈగ లోపలి కండను కరిగించి ద్రవంగా మారుస్తుంది. సాలీడు దానిని నోటి వద్దనున్న వెంట్రుకల జల్లెడ గుండా వడగట్టి లోపలికి పీల్చుకుంటుంది. మన కడుపు చేసే పనిలో సగం అది బయటనే ముగించుకుంటుంది. గూటిలో వేలాడే ఈగ చూడడానికి చెక్కు చెదరకుండా కనిపిస్తుంది, ముట్టుకుంటే డొల్ల.

గడ్డపార, పట్టకారు

సాలీళ్ల కోరలు రెండు రకాలుగా ఉంటాయి. ఒళ్లంతా నూగుతో పెద్దగా ఉండే ప్రాచీన జాతులలో రెండు కోరలూ ఒకదాని పక్కన ఒకటిగా కిందికి తిరిగి ఉంటాయి. కాటు వేయాలంటే ఆ సాలీడు ముందు భాగాన్ని పైకెత్తి, గడ్డపార దించినట్లు రెండింటినీ ఒకేసారి కిందికి దింపాలి. అందుకు అడుగున గట్టి నేలో చెట్టు బెరడో ఉండాలి. ఇళ్లలో, తోటలలో కనిపించే మిగిలిన జాతులన్నింటిలో కోరలు ఎదురెదురుగా ఉండి పట్టకారులా రెండు వైపుల నుంచి బిగుస్తాయి. వీటికి అడుగున నేల అవసరం లేదు. గాలిలో వేలాడే సన్నని గూటిలో ఉండి కూడా ఎరను పట్టగలగడానికి ఈ అమరిక తోడ్పడింది. నేడు సాలీళ్లలో అత్యధిక జాతులు ఈ రెండవ కోవకే చెందుతాయి. గుర్తించిన మొత్తం జాతుల సంఖ్య 2022లో 50,000 దాటింది.

మొదటి కోవకు చెందిన ఒక సాలీడుకు మన తెలుగు నేలకు చెందిన పేరే ఉంది. 1899లో ఆర్.ఐ. పోకాక్ అనే ఆంగ్ల శాస్త్రజ్ఞుడు అనంతపురం జిల్లా గుత్తి రైల్వే కలప యార్డులో దొరికిన ఒక సాలీడును వర్ణించాడు. నీలమణి రంగులో మెరిసే ఆ ప్రాణి ప్రపంచమంతటా గుత్తి పేరుతోనే ప్రసిద్ధమైంది. అయితే అది గుత్తిది కాదని, కలప దుంగలతో పాటు రైలులో వచ్చి చేరి ఉంటుందని తరువాత తేలింది. వంద సంవత్సరాలకు పైగా దాని అసలు చిరునామా ఎవరికీ తెలియలేదు. 2001లో నంద్యాల, గిద్దలూరు మధ్య నున్న అడవిలో ముసలి చెట్ల తొర్రలలో అది మళ్లీ కనిపించింది. అడవి నరికివేత వల్ల, అందమైన రంగు కోసం పట్టి విదేశాలకు అమ్మడం వల్ల అది నశించిపోయే ప్రమాదం అంచున ఉందని అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంస్థ 2008లో ప్రకటించింది. ఈ జాతి బంధువులు కరిస్తే తీవ్రమైన నొప్పి, కండరాలు పట్టివేయడం ఉంటాయి. వీటి కాటు వల్ల మనిషి మరణించినట్లు ధ్రువపడిన దాఖలా మాత్రం లేదు. ఈ సాలీడు నుంచి మనిషికి కలిగిన హాని కన్నా మనిషి నుంచి దానికి కలిగిన హాని ఎన్నో రెట్లు ఎక్కువ.

ఇంటి పైకప్పు మూలలలో పొడవాటి దారాల వంటి కాళ్లతో తలకిందులుగా వేలాడే సన్నని సాలీడును పాఠకులందరూ చూసే ఉంటారు. ముట్టుకోబోతే గూడుతో సహా గజగజ ఊగుతుంది. ఆడ సాలీడు గుడ్లు పెట్టిన తరువాత వాటిని నాలుగు పట్టు పోగులతో ఒక చిన్న ముద్దగా చుట్టి నోటితో పట్టుకుంటుంది. పిల్లలు బయటికి వచ్చేవరకు, అంటే వారాల తరబడి, ఆ ముద్దను మోస్తూనే ఉంటుంది. చంపడానికి అమర్చిన కోరలే అంతకాలం ఊయల పని చేస్తాయి. చీపురుతో బూజు దులిపేటప్పుడు ఒక్కసారి ఆగి చూస్తే ఆ గుడ్ల మూట మామూలు కంటికే కనబడుతుంది.

దివ్య ఖుర్ఆన్‌లో 29వ సూరాకు 'అల్ అన్‌కబూత్', అంటే సాలీడు, అని పేరు. అల్లాహ్‌ను విడిచి ఇతరులను ఆశ్రయించేవారి ఆసరా ఎంత దుర్బలమైనదో చెప్పడానికి అక్కడ సాలీడు ఇంటిని ఉపమానంగా తీసుకోవడం జరిగింది. పాఠకులు గమనించవలసిన విషయం ఏమిటంటే, ఆ ఉపమానం ఇంటి గురించినది. సాలీడు దుష్ట ప్రాణి అని గాని, విషప్రాణి అని గాని అక్కడ లేదు. ఇహ్రామ్ స్థితిలో ఉన్నవారు సైతం చంపవచ్చునని హదీసులలో పేర్కొన్న ఐదు ప్రాణులలో తేలు ఉంది గాని సాలీడు లేదు. కనబడిన ప్రతి సాలీడునూ చెప్పుతో కొట్టడం పుణ్యకార్యమని భావించే వారికి ఈ మాట చెప్పడం అవసరమని తలుస్తున్నాము.

పొక్కులు ఎక్కడివి?

ఇక మొదట చెప్పిన నిందకు వద్దాం. సాలీడు పాకడం వల్ల పొక్కులు రావు. దాని కాళ్లలో విషం లేదు. దాని విసర్జన సున్నపు చుక్కలా తెల్లగా ఆరిపోయే పదార్థం, అది చర్మాన్ని కాల్చదు. అమెరికా ఖండాలలోని కొన్ని పెద్ద సాలీళ్లు దురద పుట్టించే నూగు విదుల్చుతాయి గాని మన దేశపు జాతులకు అటువంటి నూగు లేదు. కాబట్టి చార కట్టిన పొక్కులకు కారణం మరొకచోట వెదకాలి.

అందులో ఒకటి వానాకాలంలో దీపాల చుట్టూ ముసిరే ఒక చిన్న పురుగు. బియ్యపు గింజ కన్నా కాస్త పొడవుగా, చీమను పోలి, నారింజ, నలుపు రంగుల పట్టీలతో ఉంటుంది. తడి నేలలు, వరి పొలాలు దాని నివాసం. అది కరవదు, కుట్టదు. మెడ మీద వాలినప్పుడు మనం చేతితో నలిపివేస్తాము, దాని శరీరంలోని ఘాటైన రసం చర్మానికి అంటుకుంటుంది. ఒకటి రెండు రోజుల తరువాత చేయి రుద్దిన దారి వెంట చార కట్టి పొక్కులు లేస్తాయి. అప్పటికి పురుగు సంగతి ఎవరికీ జ్ఞాపకం ఉండదు. మూలలో నిశ్చలంగా కూర్చున్న సాలీడే కంటికి కనబడుతుంది! ఆ పురుగు ఒంటి మీద వాలితే నలపకుండా ఊది వేయాలి, ఆ చోటును సబ్బుతో కడగాలి. రాత్రిపూట పడకకు దగ్గరగా దీపం లేకుండా చూసుకోవాలి.

రెండవది సర్పి. చిన్ననాడు అమ్మవారు పోసిన వారి నరాలలో ఆ వైరస్ దాగి ఉండి, వయసు మళ్లినప్పుడో, ఒంట్లో శక్తి తగ్గినప్పుడో శరీరానికి ఒక పక్కన మాత్రమే పట్టీలాగా పొక్కులు లేపుతుంది. మంట, పోటు భరించరానివిగా ఉంటాయి. దీనికి మందు ఉంది. పొక్కులు కనబడిన 72 గంటల లోపల మొదలుపెడితే ఎక్కువ మేలు చేస్తుంది. కంటి చుట్టూ వచ్చినట్లయితే చూపుకే ముప్పు. "సాలెపురుగు పాకింది" అన్న తీర్పుతో పసరు రాస్తూ గడిపిన మూడు రోజులు తరువాత నెలల తరబడి వేధించే నరాల నొప్పిగా పరిణమించవచ్చు. మధుమేహం ఉన్న పెద్దవారు ఉన్న ఇళ్లు ఈ విషయాన్ని ప్రత్యేకంగా గుర్తుంచుకోవాలి.

సాలీడు మీద ఇటువంటి నింద మన దగ్గర మాత్రమే ఉందనుకోనక్కర లేదు. అమెరికాలోని కాన్సాస్ రాష్ట్రంలో ఒక ఇంట్లో ఆరు నెలల కాలంలో 2,055 గోధుమరంగు ఏకాంతవాసి సాలీళ్లను పట్టి లెక్కించారు. ఆ దేశంలో చర్మంపై పుండ్లకు అందరూ కారణంగా చెప్పేది ఆ జాతినే. ఆ ఇంట్లో నివసించిన నలుగురిలో ఒక్కరికైనా దాని కాటు వల్ల హాని కలగలేదని పరిశోధకులు 2002లో ప్రచురించారు. మన దేశంలో మరో విధమైన ఉదాహరణ ఉంది. 2012లో అస్సాంలోని సదియా ప్రాంతంలో సాలీళ్లు గుంపులుగా వచ్చి కరుస్తున్నాయని భయాందోళనలు వ్యాపించాయి, ఇద్దరు మరణించినట్లు వార్తలు వెలువడ్డాయి. వారు నాటు వైద్యుల వద్దకు వెళ్లగా కాటు పడినచోట బ్లేడుతో కోసి రక్తం తీశారని కూడా ఆ వార్తలలోనే వచ్చింది. మరణానికి సాలీడు విషమే కారణమని రుజువు కాలేదు.

తేలు విషయంలో మాత్రం భయానికి ఆధారం ఉంది. దాని నోరు నిరపాయకరమైనది, అందులోని చిన్న పట్టకార్లు ఆహారాన్ని తుంచడానికి మాత్రమే పనికివస్తాయి. విషం తోక చివర ఉంది. నల్లగా, భారీ డెక్కలతో ఉండే మండ్రగబ్బను చూస్తే గుండె జారుతుంది గాని దాని విషం అంత ప్రమాదకరం కాదు. బలమంతా డెక్కలలోనే ఉంది. చిన్నగా, ఎర్రగా, సన్నని డెక్కలతో ఉండే ఎర్రతేలు ప్రాణాంతకమైనది, ముఖ్యంగా పసిపిల్లలకు. కుట్టిన తరువాత విపరీతంగా చెమట పోయడం, వాంతులు, చేతులు కాళ్లు చల్లబడడం కనబడితే విషం గుండె మీద పని చేస్తున్నదని అర్థం. మహారాష్ట్రలోని మహాడ్ అనే చిన్న ఊరిలో పనిచేసిన డాక్టర్ హిమ్మత్‌రావ్ బవాస్కర్ 1980లలో ఇటువంటి రోగులను దగ్గర ఉండి గమనించి, రక్తపోటుకు వాడే ప్రాజోసిన్ అనే చౌకైన మాత్ర వారి ప్రాణాలు నిలుపుతుందని చూపించారు. అది వైద్యుని పర్యవేక్షణలోనే ఇవ్వవలసిన మందు. మనం చేయవలసింది మంత్రగాని కోసం వెదకకుండా బిడ్డను వెంటనే ఆసుపత్రికి చేర్చడం.

తేలు ఒంటికి ఒక విచిత్ర గుణం ఉంది. అతినీలలోహిత కాంతి పడితే ఆకుపచ్చగా మెరుస్తుంది. అటువంటి చిన్న టార్చి ఇప్పుడు తక్కువ ధరకే దొరుకుతున్నది. వరద తగ్గిన తరువాత ఇంటికి తిరిగి వచ్చినవారు రాత్రిపూట దానితో మూలలు, కట్టెలు, చెప్పులు చూసుకుంటే దాగిన తేలు దీపంలా బయటపడుతుంది. పడుకోబోయే ముందు వస్త్రపు అంచుతో పడకను దులపమని, మనం లేనప్పుడు దాని మీదికి ఏమి వచ్చి చేరిందో తెలియదని దైవప్రవక్త (స) చేసిన బోధ అడవి అంచున నివసించేవారికి ప్రతి రాత్రీ పనికివచ్చేదే.

అతి చిన్న నోరు

ఈ వంశంలో మనిషికి అత్యధిక హాని చేసే నోళ్లు కంటికి కనబడనంత చిన్నవి. మేకలకు, పశువులకు పట్టే గోమారిని తీసుకోండి. దాని కెలిసెరాలు రెండు చిన్న రంపాలు. అవి చర్మాన్ని కోయగా, వెనుకకు వంగిన ముళ్లతో నిండిన ఒక కొయ్య వంటి భాగం లోపలికి దిగబడుతుంది. లాలాజలం నొప్పి తెలియనీయదు. రోజుల తరబడి అది రక్తం తాగుతున్నా మనకు తెలియకపోవడానికి అదే కారణం. బక్రీద్‌కు ముందు మేకలను, గొర్రెలను ఇంట్లో ఉంచి పెంచే కుటుంబాలు పిల్లల చెవుల వెనుక, చంకలలో చూడడం మంచిది. గోమారి కనబడితే అగ్గిపుల్లతో కాల్చడం, కిరసనాయిలు పోయడం తగదు. సన్నని పటకారుతో చర్మానికి ఆనుకుని పట్టి నిటారుగా పైకి లాగాలి.

ఆరుద్ర కార్తెలో తొలకరి పడగానే నేల మీద ఎర్రని మఖమలు ముక్కలు నడిచినట్లు కనబడే ఆరుద్ర పురుగు కూడా సాలీడు బంధువే. లెక్కపెట్టి చూడండి, ఎనిమిది కాళ్లు. మన పెద్దలు దానిని 'బీర్ బహూటీ' అని పిలిచేవారు, యునానీ మందుల దుకాణాలలో ఎండబెట్టి అమ్మడం కూడా పాఠకులకు తెలిసినదే. పిల్లలు అగ్గిపెట్టెలలో దాచుకునే ఆ అమాయకపు ప్రాణి మనకు ఏ హానీ చేయదు.

దాని దాయాదులలో మరొక రకం ఉంది. వాటి పిల్లపురుగులు చుక్క కన్నా చిన్నవి, ఆరే కాళ్లు ఉంటాయి, పొలం గట్ల మీది గడ్డిలో, పొదలలో, అడవి అంచున పొంచి ఉండి ఎలుకలకు, దారిన పోయే మనుషులకు అంటుకుంటాయి. అవి రక్తం తాగవు. లాలాజలంతో చర్మాన్ని కరిగించి ఆ ద్రవాన్ని పీల్చుకుంటాయి, సాలీడు ఈగను కరిగించినట్లే. కొన్నింటి లాలాజలంలో స్క్రబ్ టైఫస్ అనే జ్వరాన్ని కలిగించే సూక్ష్మజీవి ఉంటుంది. పురుగు కరిచిన వారం పది రోజులకు తీవ్ర జ్వరం, తలనొప్పి, ఒళ్లు నొప్పులు మొదలవుతాయి. మలేరియా అని, డెంగీ అని, టైఫాయిడ్ అని అనుకుంటూ రోజులు గడిచిపోతే ఊపిరితిత్తులు, మూత్రపిండాలు, మెదడు దెబ్బతిని ప్రాణం పోవచ్చు. సకాలంలో గుర్తిస్తే డాక్సీసైక్లిన్ వంటి సాధారణమైన మందుతో రెండు మూడు రోజులలోనే జ్వరం దిగివస్తుంది.

గుర్తు పట్టడానికి ఒక ఆనవాలు ఉంది. పురుగు కరిచినచోట సిగరెట్టుతో కాల్చినట్లు ఒక నల్లని పొక్కు కడుతుంది, నొప్పి ఉండదు. అందరిలోనూ అది కనబడదు గాని కనబడినప్పుడు రోగ నిర్ణయం దాదాపు జరిగిపోయినట్లే. చిక్కు ఎక్కడంటే, అది సాధారణంగా ఏర్పడేది చంకలలో, గజ్జలలో, రొమ్ముల కింద, నడుము చుట్టూ దుస్తులు బిగిసే చోట. మన ఇళ్లలోని స్త్రీలు సిగ్గు వల్ల ఆ సంగతి డాక్టరుకు చెప్పరు, డాక్టరు అడగడానికి సంకోచిస్తాడు. చికిత్స కోసం అవసరమైన మేరకు దేహాన్ని చూపడానికి షరీఅత్ అనుమతి ఇచ్చిందని మనకు తెలుసు. అంతవరకు పోనవసరం లేకుండా తల్లి గాని, అత్తగారు గాని, అక్కచెల్లెళ్లు గాని ఇంట్లోనే ఒకసారి పరీక్షించి చూడవచ్చు. నల్లని పొక్కు కనబడితే దానిని సాలీడు కాటు అనుకుని పసరు రాయకుండా, ఉన్నచోటు, కనబడిన రోజు డాక్టరుకు చెప్పాలి. జ్వరం రావడానికి ముందు రెండు వారాలలో గడ్డి కోయడానికో, మేకలను మేపడానికో, కట్టెలు ఏరడానికో పొదలలోకి వెళ్లారా అన్నది కూడా ఆయన అడగకపోయినా చెప్పాలి.